ఖర్జూర పూలకు కట్టిన ముడి

బిడ్డా సురేశా,

నువ్వు కన్నుమూసి ఏడాది తిరిగింది. ఈ ఎడారి దేశంలో నేను పనిచేసే ఇంట్లో ఈ శుక్రవారం సెలవడిగి, మన పనోళ్లంతా కలిసే బతా బజారుకు వచ్చాను. నువ్వు ఫోన్లో తీసిన చిన్న సినిమాను నీ దోస్తు యాదగిరి రూములో గోడ మీద వేశాడు.

అందులో మనిషి ముఖమే లేదు. నీ చేతులే మగ ఖర్జూరపు పూరెమ్మను తెచ్చి, ఆడచెట్టు పూగుత్తిలో పెట్టి కట్టాయి. తెల్లటి పొడి రాలింది. తర్వాత ఎంతసేపూ గాలే.

"హీరోయిన్ ఏదిరా?" అని ఒకడు నవ్వాడు.

"చెట్టే హీరోయిన్. సప్పుడు జెయ్యకుండ సూడు" అన్నాడు యాదగిరి.

నాకూ అర్థం కాలేదు. "మళ్లొక్కసారి ఎయ్యి కొడుకా" అన్నాను. అప్పుడు కనబడింది. ఆ కట్టు జరీ అంచు పచ్చ రిబ్బను. నేను కొనిచ్చిన, నీ భార్య లత జడ రిబ్బను.

పనోళ్ల కుటుంబాలకూ ఇక్కడ తలకింతని నెలనెలా లెవీ పన్ను పడ్డాక లతను ఊరికి పంపేశావు. "లెవీ కోసమేనా అత్తమ్మా, నా మీద మనసు ఇరిగిందా?" అని ఫోనులో ఇప్పటికీ అడుగుతుంది.

"ముడి అంత వదులుగెందుకు?" అని యాదగిరిని అడిగాను.

"పువ్వు పెరగాలె గద పెద్దమ్మా!"

ఆ సినిమా లతకు పంపించాను. ముడి దగ్గర కొంచెం ఆగి చూడమన్నాను.

మీ అమ్మ