చప్పుళ్ళ దేశానికి కొత్త సరుకు

అక్కా,

నువ్వు పోయి రేపటికి ఏడాది. నిన్న కాశీబుగ్గలో అమ్మ పనిచేసిన జీడి ఫ్యాక్టరీకి పిక్కలు కొట్టే మిషన్లు వచ్చాయి. చూడ్డానికి వెళ్ళి ఆ రొద వింటే, చిన్నప్పుడు అక్కడే కూర్చుని నువ్వు కల్పించిన చప్పుళ్ళ దేశం గుర్తొచ్చింది. అక్కడ నేలా చెట్టూ మనుషులూ అన్నీ చప్పుళ్ళే. అక్కుపల్లి వర్తకులు కొబ్బరిచిప్పల్లో సముద్రపు హోరు నింపుకొని బయలుదేరేవారు. కాశీబుగ్గలో ఇచ్చి పిక్కల టకటక, నందిగాంలో ఇచ్చి కప్పల బెకబెక తెచ్చుకునేవారు. అక్కడ డబ్బు చెల్లదు. చప్పుడుకి చప్పుడే బదులివ్వాలి. ఎవరూ బదులివ్వకపోతే సరుకు దారిలోనే చచ్చిపోతుందని రూలు పెట్టింది నువ్వే.

మరి ఈ మిషన్ రొదకి బదులేమివ్వాలి? ఎంత ఆలోచించినా తోచక, నా వెంట వచ్చిన నా కూతుర్ని అడిగాను.

"కరెంటు పోతే అందరూ ఒక్కపాలి 'ఓలమ్మో' అంతారు కదమ్మా, అదిచ్చీమను" అంది. అచ్చం నీలాగే, క్షణం కూడా ఆలోచించలేదు.

ఇంటికి వచ్చాం. నా అడుగుల చప్పుడు విని అమ్మ పెరట్లోంచి నీ పేరే పిలిచింది.

"ఒలే గౌరీ, వచ్చినావేటే?"

పిలుపు దారిలో చచ్చిపోకూడదు కదా.

"వచ్చినానమ్మా" అన్నాను.