మాటలు ఆపకుండా తీసిన స్కాన్

రఘూ,

ఇవాళ మన పెళ్లిరోజు. సెలవు పెట్టలేదు. నువ్వు పోయినా నేనింకా ఆ అల్ట్రాసౌండ్ గదిలోనే పనిచేస్తున్నాను.

పొద్దున ఒక తెలుగావిడ పొట్ట నొప్పని వచ్చింది. ఇంటి వెనక చెక్క డెక్ మీద బకెట్లో పెంచుతున్న గోంగూర గురించి చెబుతుంటే స్కాన్ మొదలుపెట్టాను. పాంక్రియాస్ మీద, సరిగ్గా నీకున్న చోటే, నల్లటి మచ్చ కనిపించింది.

"ఏమన్నా కనపడతందా అమ్మా?"

"మేం చెప్పకూడదు ఆంటీ, డాక్టర్ చెప్తారు. ఇంతకీ ఈ చలికి గోంగూర ఎలా బతికిస్తున్నారు?"

కొలతలు తీసుకుంటూ పచ్చడి దాకా మాట్లాడుతూనే ఉన్నాను. నీ స్కాన్ రోజు, అప్పటిదాకా కబుర్లు చెప్పిన టెక్నీషియన్ ఒక్కసారిగా నోరు మూసుకుంది. పక్కన కుర్చీలో ఉన్న నాకు, స్క్రీన్ చూడకముందే అర్థమైపోయింది.

ఆవిడ వెళ్తూ నా చెయ్యి పట్టుకుంది. "భలే మాట్లాడతావమ్మా, భయమే తెలీలేదు."

నీ స్కాన్ అయ్యాక, ఇంటికొచ్చేదాకా కారులో నువ్వూ గుక్క తిప్పుకోకుండా మాట్లాడావు. ట్రైన్ లేటయిన సంగతి, మీ మేనేజర్, పక్కింటివాళ్ల కుక్క. నేను నవ్వుతూ ఊఁ కొట్టాను.

నీకేమీ తెలియలేదనే ఇన్నాళ్లూ అనుకున్నాను.