హాస్టల్ స్లాబు కురవలేదు

స్వరూపా, తార్నాకలో నేను క్షేమం. ఫోన్‌లో ఇంత చెప్పడం నాకు రాదు కనుక కార్డు రాస్తున్నాను.

క్యాంపస్‌లో మనం కట్టిన హాస్టల్ బిల్లు మనకు ఇవ్వాల్సిందేనని మధ్యవర్తి చెప్పిన తీర్పును రద్దు చేయమని, మనకు ఆ పని ఇచ్చిన కంపెనీ వేసిన కేసు నిన్న కొట్టేశారు. స్లాబు కురుస్తుందన్న వాళ్ళ మాటను మధ్యవర్తి విని తేల్చాడు, మళ్ళీ మొదటి నుంచి విచారించడం కోర్టు పని కాదు అన్నారు జడ్జి గారు. వాళ్ళు పై కోర్టుకు పోయినా సొమ్ము ఇప్పటికే కోర్టులో కట్టి ఉంది, దిగులు పడకు.

అయినా స్లాబు కురవదని జడ్జి గారు అనలేదు కదా. అందుకని నిన్ననే, కోర్టు నుంచి వానలోనే హాస్టల్‌కు వెళ్ళాను. వాచ్‌మన్ సామేలు పై అంతస్తు గది తెరిపించాడు. మంచం మీద కుర్చీ వేసుకుని ఎక్కి స్లాబుకు అరచెయ్యి ఆనించాను. పొడిగా ఉంది.

"ఏంది మేస్త్రీ, కోర్టుల గెలిచినా నమ్మకం లేదా నీకు? ఒక్క చుక్క పడితే గీ పోరగాండ్లు నన్ను బతకనిస్తరా?" అని సామేలు నవ్వాడు. అతనికి కొనిచ్చిన మిఠాయి కూడా నిన్నటి ఖర్చుల్లో రాసుకున్నాను.

అమ్మ మోకాళ్ళకు మందు ఉందా? నిరోష బస్సు పాస్ తీసుకుందా? అమ్మకు దండాలు, నిరోషకు దీవెనలు.

ఇక పని మానుకుందామని బేరం పెట్టిన, స్లాబు పోసేటప్పుడు కింద పరిచే సెంట్రింగు రేకులు అమ్మవద్దు. కొనేవాడు దసరాకు వస్తే లేదని చెప్పు. తుప్పు పట్టకుండా వాటికి నూనె రాయించు.

బుచ్చిరాములు