సెలవుల పిటిషన్

మార్చి 4
సెలవుల పిటిషన్ వేశాం. చిట్టి ఎవరి దగ్గర పెరగాలన్న అసలు కేసు మూడేళ్లుగా నడుస్తూనే ఉంది. అది తేలేలోపు, ఈ వేసవిలో పదిహేను రోజులు నా కూతుర్ని నా ఇంట్లో ఉంచుకోనివ్వమని అడిగాను. చిన్న పిటిషనే, వెంటనే అయిపోతుందన్నారు లాయరుగారు. ఆయన ‘వెంటనే’ నాకు కొత్త కాదు.

మార్చి 9, రెండో శనివారం
కోర్టు చిల్డ్రన్స్ రూమ్‌లో చిట్టితో నెలకి దొరికే గంట. పజిల్‌లో ఏనుగు తొండం ముక్క పోయింది. కాగితం మీద గీసి పెట్టాను. పాములా ఉందని వెక్కిరించింది. ఆరేళ్లకే నోరు బాగా లేచింది. అచ్చం మా అమ్మే.

ఏప్రిల్ 16
వాయిదా. మా పిటిషన్‌కి జవాబుగా కౌంటర్ వేయడానికి అవతలి లాయరు టైమ్ అడిగాడు, ఇచ్చారు. నేను కళ్లజోళ్ల షాపు మూసి, చిట్టి వాళ్ళమ్మ బ్యాంకుకి లీవు పెట్టి, ఒకే బెంచీకి చెరో చివర కూర్చున్నాం. ఈసారన్నా తేలుతుందంటారా అని నన్నే అడిగింది. కాపురం చేసినన్నాళ్లూ ఇంత మర్యాదగా మాట్లాడుకోలేదు.

మే 2
కోర్టుకీ వేసవి సెలవులట. పిల్లల సెలవులూ కోర్టు సెలవులూ ఒకేసారి వస్తాయని నాకూ తట్టలేదు, ఇన్నేళ్ల ప్రాక్టీసున్న లాయరుగారికీ తట్టలేదు. కోర్టుకి సెలవులుండవా అని మా అమ్మ అడిగితే బయటపడింది.

జూన్ 18
బడి తెరిచాక మా పిటిషన్ పిలిచారు. సెలవులే అయిపోయాయి, ఇంక ఇందులో వినడానికేముందని కొట్టేశారు. లాయరుగారు నిమ్మకు నీరెత్తినట్టు ఫైలు మూసి, అక్టోబరు సెలవులకి మళ్లీ వేద్దామన్నారు. చిట్టి కోసం కొన్న దుప్పటి అమ్మ మడిచి బీరువాలో పెట్టింది. నాకు ఏడుపొచ్చింది. ఏడ్చాను.

సెప్టెంబరు 17
అక్టోబరు సెలవులకి మళ్లీ వేసిన పిటిషన్ పిలిచారు. కొత్త జడ్జి. లాయర్లిద్దర్నీ కాసేపు ఆగమని మమ్మల్ని ముందుకు పిలిచింది. పాపను పంపడానికి మీకేమిటి అభ్యంతరమని చిట్టి వాళ్ళమ్మను అడిగింది. ఆమె నా వైపోసారి చూసి జడ్జి వైపు తిరిగింది.
“రాత్రి లైటు తీసేస్తే నిద్రపోదండీ. అదొక్కటీ ఆయనకి చెప్పండి,” అంది.
పది నిమిషాల్లో ఆర్డరు: అక్టోబరు సెలవులన్నాళ్లూ చిట్టి నా ఇంట్లోనే. బయటికొచ్చి మెట్ల మీద కూర్చుండిపోయాను. పది నిమిషాల పనా ఇది! సంతోషం ముందొచ్చిందో కోపం ముందొచ్చిందో చెప్పలేను.

అక్టోబరు 5, ఉదయం
వస్తోంది. అమ్మ తుడిచిన గదినే మళ్లీ తుడుస్తోంది.

అక్టోబరు 5, సాయంత్రం
వచ్చింది. నవ్వింది, గంటసేపు ఆడింది. తర్వాత, కోర్టు గదిలో గంట అయిపోయినప్పటిలాగే, ఎవరూ చెప్పకుండానే లేచి బొమ్మలన్నీ డబ్బాలో సర్దేసింది. షూ వేసుకుంది. నా చెంప మీద ముద్దు పెట్టి, గుమ్మం దగ్గర నిలబడి, “బై నాన్నా,” అంది.
నేనూ చెయ్యి ఊపాను.