ఒడిలాన్‌గారి ఒకే ఒక్క డైలాగ్

ఫిబ్రవరి 9, 2025, ఆదివారం

ప్రపంచ సినిమా చరిత్ర గమనించాలి: ఉగాదికి తెలుగు అసోసియేషన్‌లో వేయబోయే నా షార్ట్ ఫిల్మ్‌కి తెల్లదొర దొరికాడు. టెక్సస్‌లో, మా ఇర్వింగ్‌లో తెల్లవాళ్ళకేం కొదవ లేదు, కానీ ఫ్రీగా వేషం కట్టేవాడు ఒక్కడూ లేడు. కింద ఫ్లాట్‌లో కూతురు క్లెమాన్స్ దగ్గర ఉండే ఒడిలాన్‌గారు ఫ్రెంచి నటుడట. ముప్పైకి పైగా సినిమాలు. వెయిటరు, శవం, డ్రైవరు, మళ్ళీ శవం. ఒకే ఒక్కసారి డైలాగ్ ఇస్తే అదీ ఎడిటింగ్‌లో పోయిందట. శవంగా మాత్రం ఎవరూ కట్ చేయలేదని నవ్వారు. గొంతు బొంగురు. సిగరెట్ల మహిమ అనుకున్నాను.

ఫిబ్రవరి 17

పోయిన వారం దొర డైలాగ్ రాశాను: "ఈ ఊరి నీళ్ళు తాగాను. వెళ్ళొస్తాను." అర్థం ఇంగ్లీషులో చెబితే, దొర మళ్ళీ రాడు కదా, పోతున్నానంటే చాలదా అని అడిగారు ఒడిలాన్‌గారు. మావాళ్ళు ఎక్కడికి పోయినా తిరిగొస్తామనే చెప్పి పోతారని సెలవిచ్చాను. డైలాగ్‌ని ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకుని పట్టుకెళ్ళారు.

ఇప్పుడు లాండ్రీ రూంలో, పార్కింగ్‌లో, పాల క్యాన్ పట్టుకుని కూడా అదే డైలాగ్. నిన్న మెట్ల మీద మా రూమ్మేట్ సాయిప్రియకి వినిపిస్తే, అది హడలిపోయి ఎక్కడికండీ అందట.

మార్చి 1, శనివారం

షూటింగ్ అయింది. పక్కనే హైవే. ట్రక్కుల మోత. మైకులు అద్దెకు తేవడం దండగ, డబ్బింగ్‌లో చూసుకుందాం అన్నారు నిర్మాత జగన్మోహన్ అంకుల్. మన సినిమావాళ్ళ మహామంత్రం. నేనూ జపించాను. గుర్తు కోసం ఫోన్‌లో రికార్డింగ్ పెట్టి, కెమెరా వెనక నుంచి ప్రాంప్టింగ్ అరిచాను. వచ్చిందా అని అడిగారు ఒడిలాన్‌గారు. అదిరింది సార్ అన్నాను.

మార్చి 2

నిద్ర. దర్శకులకు అదీ పనే.

మార్చి 12

డబ్బింగ్‌కి రమ్మందామని ఫోన్ చేశాను. క్లెమాన్స్ ఎత్తింది. నాన్నకి గొంతు క్యాన్సరట. పోయిన గురువారం స్వరపేటిక తీసేశారట. ఫిబ్రవరిలో జరగాల్సిన ఆపరేషన్‌ని, ముందు డైలాగ్ చెప్పాలని ఆయనే వాయిదా వేయించుకున్నారట. డబ్బింగ్ దేనికని అడిగింది. ఆయన చేసిన సినిమాల్లో మాట షూటింగ్‌లోనే రికార్డు చేసేవారట. నాన్న గొంతు నీ దగ్గర భద్రంగా ఉంది కదా అంది.

ఉంది అన్నాను.

మార్చి 13

ఉంది. ట్రక్కు ఉంది, నా అరుపు ఉంది, దాని కింద ఆయన ఉన్నారు. నన్ను తీసేస్తే ఆయనా పోతున్నారు. పొద్దుటి నుంచి తీస్తూనే ఉన్నాను. దేవుడా, నేనెందుకంత గట్టిగా అరిచాను?

మార్చి 20

ఏమ్మా హంసికా, ఏడుపెందుకూ, నా గొంతు లేదూ, కాలేజీలో దుర్యోధనుడి వేషం వేశానన్నారు అంకుల్. నిజంగానే డబ్బింగ్ చెప్పేశారు. అక్షరం తప్పు లేదు. దొర హఠాత్తుగా గుంటూరువాడైపోయాడు.

ఫోన్‌లోదే ఉంచుదామని కాళ్ళు పట్టుకున్నంత పని చేశాను. జనం నవ్వుతారమ్మా అన్నారు. నవ్వనీయండి అన్నాను. చూద్దాంలే అన్నారు. అంటే లేదని.

మార్చి 29

రేపు షో. సినిమా వేసే లాప్‌టాప్ దగ్గర కూర్చునేది నేనే. అంకుల్ ఆ సంగతి మరిచిపోయారు.

మార్చి 30, ఉగాది

ట్రక్కు వెళ్ళింది. నేను అరిచాను. ఆయన చెప్పారు. హాలంతా నవ్వింది.

అంకుల్ వాళ్ళమ్మ అనంతలక్ష్మిగారు మాత్రం నవ్వలేదు. మంచిది నాయనా, వెళ్ళిరా అని తెరకు జవాబిచ్చారు.

ముందు వరసలో, మెడకు స్కార్ఫ్‌తో ఒడిలాన్‌గారు, ఎవరన్నారా అని వెనక్కి తిరిగి చూశారు.