ఎడమ అంచున గీతలు

పారిస్, 1931 మార్చి 4

ఎటెల్కా పిన్నికి,

హంగేరీ నుంచి ఫ్రాన్సుకు వచ్చి స్థిరపడిన మన కొత్తతరం చిత్రకారుల మీద వస్తున్న పుస్తకానికి నేను ప్రూఫులు దిద్దుతున్నాను. అందులో గేజా బాబాయి పేరుతో ఉన్న మూడు బొమ్మలకూ ఎడమ అంచున కుంచె తుడిచిన గీతలున్నాయి. మన ఇంట్లో ఎడమచేతి వాటం నీకొక్కదానికే. కుంచెను బొమ్మ అంచుకు తుడిచేదీ నువ్వే.

పోయిన వారం మీ ఊరి నుంచి పారిస్ వచ్చిన బాబాయిని అడిగాను. "ఏమ్మా, చదువుకోడానికొచ్చావా, పోలీసు పనికా? మీ పిన్ని నా కుంచెలు కడిగేది, అంతే" అని నవ్వారు.

నీకు రాస్తే, "అవన్నీ ఆయనవే" అని నిన్న జవాబొచ్చింది. అది నీ దస్తూరీలా లేదు. అందుకే ఈ ఉత్తరం మీ వీధి రొట్టెల దుకాణం ఆవిడ పేరున పంపుతున్నాను.

వచ్చే వారం శుక్రవారం పేర్లు అచ్చుకు వెళతాయి. ఆలోగా ఒక్క మాట రాయి పిన్నీ. ఇంటికి తీసుకెళ్ళకుండా ఆ దుకాణం ఆవిడ ఎదుటే, ఎడమచేత్తో రాయి.

నీ అక్క కూతురు