నలుపు విప్పే చెయ్యి

ఆగస్టు 4

రెండు వ్యాన్ల టూరిస్టులు. తెల్లవారకముందే కుస్కో పట్నంలో బయల్దేరి, పై సరస్సు, కింది సరస్సు చూసుకుని, కాళ్ళు ఈడ్చుకుంటూ మా ఊరు చేరేసరికి మధ్యాహ్నమైంది. పూలు చల్లాం, పాట పాడాం, వాళ్ళకి మా ఉన్ని పోంచోలు తొడిగాం. నేను నాగజెముడు మీద పెరిగే రంగు పురుగును అరచేతిలో నలిపి ఎర్రరంగు చూపించాను. గైడ్ పెర్సీ రోజూ చెప్పే జోకే చెప్పాడు. మా ఊళ్ళో లిప్‌స్టిక్ ఇదేనట, ముద్దు పెట్టుకున్నవాడు ఇంటికెళ్ళి పెళ్ళానికి దొరికిపోతాడట. వాళ్ళు నవ్వారు. నేనూ నవ్వాను, అది నా డ్యూటీ.

నేత వరసలో మొదటి చోటు నాది, గేటు పక్కన. వచ్చినవాళ్ళ కళ్ళు ముందు నా మీదే పడాలి. ఆడవాళ్ళ సంఘానికి పెద్దను నేను. అందులో తప్పేముంది?

మా మరదలు యులోహియా గోడవతల కూర్చుని దుంపల తొక్క తీస్తుంది. నల్ల పావడా, నల్ల శాలువా, నల్ల టోపీ. విధవ ఏడాది తిరిగేదాకా రంగు ముట్టకూడదు. ఫోటోలో నలుపు పడితే చావింటికి భోజనానికి వచ్చినట్టుంటుందని పెర్సీ అన్నాడు. దాన్ని వరసలోంచి లేపి గోడవతలికి పంపింది మాత్రం నేనే. కిక్కురుమనకుండా వెళ్ళింది.

దాని బట్టలకి నలుపు కాచింది కూడా నేనే. ఇంట్లో కాదు, వాగు ఒడ్డున మూడు రాళ్ళు పెట్టి. మొగుడు బతికున్న ఇంట్లో నల్లరంగు కుండ పొయ్యి ఎక్కకూడదు. ఎక్కిస్తే ఎవరిని పిలిచినట్టో మా ఊళ్ళో చంటిపిల్లని అడిగినా చెబుతుంది.

పందొమ్మిదికి ఏడాది, మా తమ్ముడు తోరిబియో పోయి. టూరు సామాను మోసే గుర్రం పై సరస్సు గట్టున కాలు జారింది. పగ్గం చేతికి చుట్టుకుని ఉన్నాడు, వెర్రివాడు. గుర్రం ఈదుకుంటూ బయటికొచ్చింది.

సాయంత్రం యులోహియా చేతులు తుడుచుకుంటూ వచ్చింది. "వదినా, పందొమ్మిదిన నలుపు విప్పుతావు కదా?" అంది.

చూద్దాంలే అన్నాను.

ఆగస్టు 9

నలుపు ఎవరికి వాళ్ళు విప్పుకునేది కాదు. పోయినవాడి రక్తం పంచుకున్న చెయ్యి విప్పాలి. ఊరందరి ముందు నల్ల శాలువా లాగేసి, రంగు శాలువా కప్పి, మొక్కజొన్న కల్లు చిచా తాగించి, దాని చెయ్యి పట్టుకుని ఒక చుట్టు చిందెయ్యాలి. అప్పుడే అది మళ్ళీ మనుషుల్లో మనిషి. వరసలో కూర్చోవచ్చు, మనువాడొచ్చు, రంగు నూలు ముట్టుకోవచ్చు. అమ్మ లేదు, నాన్న లేడు. తోరిబియో రక్తమంటూ మిగిలింది నేనొక్కదాన్నే.

ఈ రోజు గ్రూపులో ఒక తెల్లజుట్టు ఆవిడ. నా ముందు చాలాసేపు నిలబడింది. నా శాలువాలన్నీ విప్పించింది, ఒక్కటీ తీసుకోలేదు. అడుగున ఎక్కడో పడున్న పాత శాలువా లాగి, చెంపకి ఆనించుకుని, ఇది ఎవరు నేశారని అడిగింది. అది యులోహియా నేసింది, తోరిబియో పోకముందుది.

వ్యాన్ ఎక్కేముందు పెర్సీ నా దగ్గరికొచ్చాడు. "అక్కా, యులోహియా నలుపు ఎప్పుడు తీస్తున్నారు? తియ్యగానే ముందు కూర్చోబెడదాం. గేటు పక్కన."

గేటు పక్కన! నవ్వుతూ తలూపాను. కడుపు మండిపోయింది.

ఇక్కడ ఎవరూ చూడరు కాబట్టి రాస్తున్నాను. దాని నూలు నా నూలుకంటే సన్నం. దాని అంచు వంకర పోదు. నాకు తెలుసు. తెలుసు కాబట్టే ఈ మంట.

ఆగస్టు 13

వడగళ్ళు. గ్రూప్ రాలేదు. గోడవతల అది పాట పాడుకుంటోంది.

ఆగస్టు 18

సాయంత్రం కుండెడు చిచా మోసుకొచ్చింది, రేపటి కోసం. ఊరందరినీ తనే పిలిచిందట. ఒళ్ళోంచి ఒక ఎర్ర శాలువా తీసి నా ముందు పరిచింది. వాళ్ళ పిన్ని దగ్గర నేయించిందట. రేపు నేను దాని భుజాల మీద కప్పాల్సింది ఇదే. అంచు చూశాను. పిన్ని చెయ్యి కాదు, దాని చెయ్యే. దొంగచాటుగా రంగు ముట్టింది. శాలువా మడిచి నా దగ్గరే పెట్టుకున్నాను.

నవ్వుతోంది. ఏడాదిగా దాని పళ్ళు చూడలేదు నేను. ఆ పళ్ళు చూడగానే నా నోట్లోంచి ఆ మాట వచ్చేసింది. ముందు అనుకున్నది కాదు.

నిన్న కలలోకి తోరిబియో వచ్చాడని చెప్పాను. "అక్కా, ఇంకా వద్దు" అన్నాడని చెప్పాను.

దాని నవ్వు ఆగిపోయింది. ఎలా ఉన్నాడు వదినా అని అడిగింది. తడిసి ఉన్నాడన్నాను. కాళ్ళకేమున్నాయని అడిగింది.

దాని భయమేమిటో నాకు తెలుసు. వాణ్ణి నీళ్ళలోంచి తీసినప్పుడు కాళ్ళకి చెప్పుల్లేవు. టైరు చెప్పులు, కొత్తవి, రెండూ సరస్సే ఉంచుకుంది. పోయిన అయిదో రోజున ఆనవాయితీ ప్రకారం వాగులో వాడి బట్టలు ఉతికినప్పుడు అన్నీ ఉన్నాయి, చెప్పులు లేవు. అది చెప్పులు చెప్పులు అని ఏడ్చింది. చెప్పులు ఉతక్కపోతే పోయినవాడు ఆ లోకంలో రాళ్ళ మీద ఎలా నడుస్తాడని.

"ఉత్త కాళ్ళే. పాదాలు పగిలి రక్తం కారుతోంది. చెప్పులు అడిగాడు" అన్నాను.

నేల మీద కూలబడి, రెండు చేతులతో తన పాదాలు తనే పట్టుకుని ఏడ్చింది. చిచా కుండ నేనే లోపల పెట్టాను, పిల్లులు ముట్టకుండా.

ఆగస్టు 19

విప్పలేదు. కల సంగతి విని ఊరు ఊరంతా తలలూపింది, పోయినవాడి మాటకి ఎదురేముంది అని. చిచా మాత్రం అందరూ తాగారు.

సమాధి దగ్గర ఏడ్చాను. అది దొంగ ఏడుపు కాదు.

ఆగస్టు 21

తోరిబియో పోయాక గుర్రాల పని మా ఆయన నెమెసియో చేస్తున్నాడు. అదే గుర్రం. ఆ గట్టు దగ్గర ఇప్పటికీ బెదిరి చెవులు నిక్కబొడుస్తుందట. ఒక్క క్షణం ఏమరిస్తే నా గతీ అంతే అంటాడు, రోజూ అంటాడు.

ఈ రోజు వేరే కబురు తెచ్చాడు. పొద్దెక్కేవేళకి యులోహియా పై సరస్సు దగ్గర ఉందట. కొత్త టైరు చెప్పుల జత నీళ్ళంచున పెట్టి, "ఇదిగో తొడుక్కో, సరిపోతాయో లేదో చూసుకో, కాలు నొప్పెడితే చెప్పు" అని సరస్సుతో మాట్లాడుతోందట. సరిగ్గా అప్పుడే గ్రూప్ గట్టెక్కింది. పెర్సీ అందరినీ చెయ్యెత్తి ఆపి, చెవిలో చెప్పినట్టు మెల్లగా కథంతా చెప్పాడట. ఇద్దరాడవాళ్ళు వెక్కివెక్కి ఏడ్చారట. ఒకాయన టోపీ తీసి నిలబడ్డాడట.

తర్వాత అందరూ ఫోటోలు తీసుకున్నారట.

ఆగస్టు 26

వ్యాన్లు ఆలస్యం. వచ్చినవాళ్ళు పూలు చల్లించుకోవడానికి కూడా నిలబడలేదు, టాయిలెట్ ఎక్కడ, భోజనం ఎక్కడ అన్నారు. ముగ్గురి మెడల్లో నల్ల శాలువాలు. రంగు చుక్క లేని కటిక నలుపు.

యులోహియా మగ్గం పైకి మోసుకుపోయిందట. సరస్సు ఒడ్డున కూర్చుని నల్ల నూలే నేస్తోందట. నియమం తప్పలేదు మహాతల్లి. చెప్పులు పెట్టడం అయ్యాక ఎవరో వెనకబడి వచ్చి, వీడియో తియ్యలేకపోయామని బాధపడితే, పెర్సీ చెప్పులు తీసి మళ్ళీ పెట్టమన్నాడట. పెట్టిందట.

ఏడుస్తోందా అని మా ఆయన్ని అడిగాను. "మొదటిరోజు ఏడ్చింది. ఇప్పుడు చలి ఎక్కువైనప్పుడు ఏడుస్తోంది" అన్నాడు. ఈ మనిషికి ఒక్క మాటా తిన్నగా చెప్పడం రాదు.

ఆగస్టు 30

కుస్కోలో టికెట్లు కొనేటప్పుడే జనం విధవని చూపిస్తారా అని అడుగుతున్నారట. పెర్సీ మొహం వెలిగిపోతోంది. ఇకనుంచి పైన ఎక్కువసేపు, ఊళ్ళో భోజనం మాత్రమేనట. పురుగు నలిపేది లేదు, లిప్‌స్టిక్ జోకు లేదు. గేటు పక్కన నేను ఎర్రటి అరచెయ్యి చాపుకుని కూర్చున్నాను, నన్ను దాటుకుని సూపు వాసన పట్టుకుని పోయారు.

వరసలో ఆడవాళ్ళు నన్ను పొడుచుకు తింటున్నారు. "మీ తమ్ముడు మళ్ళీ కలలోకి వస్తే మాకూ ఏదైనా చెప్పమను హిలారియా" అంది ఒకావిడ. అందరూ నవ్వారు. ఆ నవ్వు నేను మర్చిపోను.

ఇంక విప్పేస్తాను. నలుపు పోతే విధవ లేదు, విధవ లేకపోతే సరస్సు దగ్గర చూసేది నీళ్ళే. దాన్ని తీసుకొచ్చి వరస చివర కూర్చోబెడతాను.

సెప్టెంబరు 2

ఎర్ర శాలువా మడిచి, సీసాలో చిచా పోసుకుని, సంఘం ఆడవాళ్ళని వెంటేసుకుని పైకెక్కాను. ఊపిరి ఆడలేదు. ఎండిన గడ్డి మీద మంచు. దాని చుట్టూ గ్రూప్ నిలబడి ఉంది. చెప్పులు నీళ్ళంచున ఉన్నాయి. ఎవరో వాటిలో పూలు కూడా పెట్టారు.

నన్ను చూసి లేచి నిలబడింది. ఎంత మర్యాద!

"రావే తల్లీ, ఏడాది దాటింది, ఇంక చాలు. నా చేత్తో విప్పుతాను" అని దాని నల్ల శాలువా పిన్ను మీద చెయ్యి వేశాను. నా తమ్ముడి పెళ్ళాం, నా తమ్ముడి సరస్సు, ఆ చెప్పులు. నిజంగానే ఏడుపు తన్నుకొచ్చింది. అప్పుడు మాత్రం దాన్ని గుండెకి హత్తుకుందామనే అనిపించింది.

నా వేళ్ళు పట్టుకుని ఒక్కొక్కటే విడదీసింది. కోపంగా కాదు, పిల్ల చేతిలోంచి కత్తి తీసుకున్నట్టు.

"నా కలలోకీ వచ్చాడు వదినా" అంది. "ఇంకా వద్దన్నాడు."

ఆడవాళ్ళంతా గుండెల మీద శిలువ గుర్తు వేసుకున్నారు. ఎలా ఉన్నాడని అడిగింది ఒకావిడ.

"పొడిగా ఉన్నాడు. కాళ్ళకి చెప్పులున్నాయి. సరిపోయాయన్నాడు. నువ్వెప్పుడూ ఈ నలుపు విప్పొద్దు, మా అక్క చెయ్యి అసలు పడనివ్వొద్దు అన్నాడు."

నా కళ్ళలోకే చూస్తూ చెప్పింది. ఏమంటాను? అబద్ధమని అనాలంటే ముందు నా కల సంగతి చెప్పాలి. పెర్సీ పక్కనుంచి ఇదంతా వాళ్ళ భాషలో చెబుతున్నాడు. ఏం చెప్పాడో, వాళ్ళు చప్పట్లు కొట్టారు.

ఎర్ర శాలువా చంకలో పెట్టుకుని దిగొచ్చాను. చిచా దారిలో నేనే తాగాను.

సెప్టెంబరు 3

ఒక్కసారి. ఏడాదిలో ఒక్కసారైనా నా కలలోకి రాలేదు వాడు. చిన్నప్పుడు నా వీపున కట్టుకుని గొర్రెలు కాశాను వాణ్ణి. పడుకునేముందు రోజూ పిలుస్తాను. రాడు.

దాని కలలోకి నిజంగానే వచ్చాడా? అది అబద్ధమైతే నాకు బాగుండు. అబద్ధమే అయ్యుంటుంది. కానీ చెప్పులు సరిపోయాయని చెప్పినప్పుడు దాని మొహం చల్లగా, నిమ్మళంగా ఉంది. నేను అబద్ధం చెప్పినప్పుడు నా మొహం అలా ఉండదు.

సెప్టెంబరు 6

నా కలని నమ్మినట్టే దాని కలనీ ఊరంతా నమ్మి కూర్చుంది. ఇప్పుడు గేటు పక్కన కూర్చోవడం మానేశాను. గోడవతల దుంపల తొక్క తీసే మనిషి లేదు కదా, ఆ పని నేనే చేస్తున్నాను.

పెర్సీ గోడ మీంచి తొంగి చూశాడు. పై సరస్సు దాకా ఎక్కలేని ముసలి టూరిస్టులు గోల పెడుతున్నారట, వాళ్ళు కింది సరస్సు దగ్గరే ఆగిపోతారు, అక్కడ చూసేదేమీ లేదు. "అక్కా, ఊళ్ళో ఇంకో విధవ ఎవరైనా ఉన్నారా? మరీ ముసలివాళ్ళు వద్దు. నేత వచ్చి ఉండాలి."

ఎవరూ లేరన్నాను.

"అయ్యో" అన్నాడు. నిజంగానే బాధపడ్డాడు పాపం.

సెప్టెంబరు 8

నా ఆకుపచ్చ పావడా కుండలో వేశాను. తుప్పు మేకులు నాలుగు వేస్తే నలుపు బాగా పడుతుంది. వాగు ఒడ్డు దాకా ఏం పోతానులే అని ఇంట్లో పొయ్యి మీదే పెట్టాను.

మా ఆయన దుంపలు తింటూ కుండలోకి చూశాడు. ఎవరికే అన్నాడు.

తిను, చల్లారిపోతాయి, గుర్రం ఎదురు చూస్తోంది అన్నాను.